ప్రెసిడెంటు గారు చెప్పని సారీ

ఆ రోజుల్లో మా తిరువూరులో ఇంగ్లీషు బాగా వచ్చన్న పేరు తెచ్చుకోవడం చాలా తేలిక. నిజంగా వచ్చో రాదో తేల్చి చెప్పగలిగినవాళ్ళు ఊరు మొత్తానికి ఇద్దరో ముగ్గురో ఉండేవారు, వాళ్ళూ మొహమాటస్తులే. డిగ్రీలో ఇంగ్లీషు పేపరు మంచి మార్కులతో గట్టెక్కిన ధైర్యంతో నేను బస్టాండు దగ్గర ఒక మేడ మీద గదిలో స్పోకెన్ ఇంగ్లీషు క్లాసులు చెప్పేదాన్ని. నాకంటే తక్కువ వచ్చినవాళ్ళ ముందు నిలబడినంత కాలం నా ఇంగ్లీషుకు ఎదురు లేదు. బజారులో నడుస్తుంటే "టైలర్ గారమ్మాయి ఇంగ్లీషు దంచేస్తుందంట" అని వెనక నుంచి వినబడేది. విని వినబడనట్టు నడిచేదాన్ని, కానీ కొంచెం నెమ్మదిగా నడిచేదాన్ని. ఇప్పుడు నేనొక పత్రికకు విదేశాలు తిరిగే విలేకరిని. తుపాకుల చప్పుడు వినబడే ఊళ్ళలో మంచం కింద పడుకుని వార్తలు పంపాను. సెలవుల్లో ఇంటికి వస్తే చుట్టాలు "నీకు భయమెయ్యదా" అని అడుగుతారు. వెయ్యకేం, వేస్తుంది. కానీ ఇరవై ఒకటో ఏట ఒక్క వారంలో నేను పడిన భయం ముందు తర్వాతవన్నీ చిన్నవే.

అబ్బాకు (మా ఇంట్లో నాన్నను అలా పిలుస్తాం, ఎవరికో దెబ్బ తగిలిందనుకోకండి) మెయిన్ రోడ్డు మీద ఒక షట్టరంత టైలరింగ్ కొట్టు ఉండేది. ఆ వరస కొట్లన్నీ ప్రెసిడెంటు గారివి. పక్క పల్లెకు ఎప్పుడో ప్రెసిడెంటుగా చేశారాయన. పదవి పోయి చాలా ఏళ్ళయినా పేరు మాత్రం పోలేదు. ఆ వరస చివరనే ఆయన ఎరువులు, విత్తనాల కొట్టు. తెల్ల చొక్కా, పంచె, చేతిలో ఎప్పుడూ మడత విప్పని పేపరు. ఆయన దగ్గితే వరసలోని కొట్లవాళ్ళందరూ ఒకసారి తొంగి చూసేవారు.

ఒక రోజు పొద్దున మా కాలేజీ ఇంగ్లీషు లెక్చరర్ (మేం గ్రామర్ సారు అనేవాళ్ళం) అబ్బా కొట్టుకు వచ్చారు. యూరప్‌లో ఏదో పెద్ద పత్రికకు ఢిల్లీలో ఉండి వార్తలు రాసే ఆవిడ ఒకరు వచ్చారని, గంపలగూడెం వైపు పత్తి పంట పోయిన సంగతి రాస్తున్నారని, ఆవిడ వెంట ఉండే దుబాసీ విజయవాడలో జ్వరం వచ్చి పడిపోయాడని చెప్పారు. "ఆడవాళ్ళతో మాట్లాడాలంటున్నారు. మీ అమ్మాయైతే బాగుంటుంది" అన్నారు. నాకు అప్పుడే ఎటైనా పారిపోవాలనిపించింది. మా దాదీమాకు, అంటే నాన్నమ్మకు, వేరే భయం పట్టుకుంది, పనైపోయాక ఆవిడ నన్ను కూడా విమానంలో పట్టుకుపోతుందేమోనని. అబ్బా మాత్రం కత్తెర పక్కన పెట్టి నవ్వాడు. "ఏముందమ్మా ఇందులో. ఆవిడన్నది వీళ్ళకి చెప్పడం, వీళ్ళన్నది ఆవిడకి చెప్పడం. మధ్యలో నీదేముంటుంది?"

మర్నాడు కారు వచ్చింది. ఆవిడ దిగుతూనే ఏదో మాట్లాడింది. ఆవిడ మాట్లాడింది ఇంగ్లీషేనని తెలియడానికి నాకు కాసేపు పట్టింది. పుస్తకంలో మాటకీ మాటకీ మధ్య చోటుంటుంది కదా, ఆవిడ నోట్లో ఆ చోటు లేదు. మనిషి బాగా పొడుగు, జుట్టు సగం తెల్లబడింది, కాళ్ళకి మగవాళ్ళ బూట్లు. అర్థం కానప్పుడల్లా "యెస్ మేడమ్" అనేద్దామని కారెక్కేముందే నిర్ణయించుకున్నాను. మల్లేల దాటకముందే మూడు యెస్‌లు అయిపోయాయి. మూడోదాని తర్వాత ఆవిడ నా వైపు జాలిగా చూసి కారు ఆపించి నీళ్ళ సీసా ఇచ్చింది. చాలా రోజుల తర్వాత తెలిసింది, ఆవిడ అడిగినవి వరసగా పెళ్ళయిందా, పిల్లలున్నారా, కడుపులో తిప్పుతోందా.

గంపలగూడెం దాటాక ఒక చేను దగ్గర కౌలుకు చేసుకునే ఒకావిడ మా కోసం కాచుకుని ఉంది. అక్క అని పిలిచాను, ఇప్పటికీ నాకు గంపలగూడెం అక్కే. పత్తి చెట్లు భుజం ఎత్తున పచ్చగా నిలబడి ఉన్నాయి, అయితే మధ్య మధ్యలో సాళ్ళకు సాళ్ళే ఖాళీ. "చూడమ్మా, సగం మొలవలేదు. మొలిచినవి ఇట్టా పెరిగినయ్యి, కాయ మాత్రం నిలవలా" అంటూ అక్క మొదలుపెట్టింది. ముందు వేసిన రైతులు మొలక రాలేదని కొట్టుకు వెళ్ళి మొత్తుకున్నారట. అది తెలిసి కూడా వెనక వెళ్ళిన వీళ్ళకు అవే ప్యాకెట్లు ఇచ్చారట. ఐదు నిమిషాలు ఆపకుండా చెప్పింది, మధ్యలో రెండుసార్లు కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. చెప్పడం అయ్యాక ఇద్దరూ నా వైపు చూశారు. నాకు వచ్చిన ఇంగ్లీషు మొత్తం చేను గట్టు మీంచి ఎటో వెళ్ళిపోయింది. "షి ఈజ్ వెరీ శాడ్" అన్నాను. "అంతేనా?" అంది ఆవిడ. "అంతేనా చెప్పింది?" అంది అక్క. ఆ రెండో ప్రశ్న దగ్గరే నాకు ఎక్కువ సిగ్గేసింది. మళ్ళీ మొదటి నుంచి, చేతులు ఊపుతూ, మొలకలూ కాయలూ చూపిస్తూ చెప్పాను. ఆవిడ అన్నీ రాసుకుని ఏ కొట్టు అని అడిగింది. అక్క ప్రెసిడెంటు గారి పేరే చెప్పింది. "సమ్ షాప్ ఇన్ టౌన్" అన్నాను నేను.

అక్క అమాయకురాలు కాదు. ఇంట్లోకి వెళ్ళి దాచిపెట్టిన ఖాళీ ప్యాకెట్టు తెచ్చి ఆవిడ చేతిలోనే పెట్టింది. దాని మీద కొట్టు రబ్బరు స్టాంపు, ఇంగ్లీషు అక్షరాల్లో, స్పష్టంగా. ఆవిడ చదివి "ఇప్పుడే వెళ్దాం" అంది. ఆ మాట మాత్రం నాకు ఒక్కసారికే అర్థమైంది.

దారి పొడుగునా కారుకు పంచరు పడాలని కోరుకున్నాను. పడలేదు. ప్రెసిడెంటు గారు మమ్మల్ని చూసి లేచి నిలబడి కుర్చీలు వేయించారు. "నువ్వు టైలరు సాయిబు కూతురివి కదూ. ఎంత పెద్దదానివయ్యావమ్మా. కూర్చో కూర్చో" అని కూల్‌డ్రింకులు తెప్పించారు. ఆవిడ అరచేయంత రికార్డరు తీసి బల్ల మీద పెట్టింది. దాని మీద చిన్న ఎర్ర లైటు వెలిగింది. ఆవిడ మొదటి ప్రశ్న నెమ్మదిగా, నా కోసమే అన్నట్టు విడమర్చి అడిగింది: అమ్మేటప్పటికి ఆ విత్తనం మంచిది కాదని ఈయనకు తెలుసా? గోడ అవతల నాలుగు కొట్ల దూరంలో అబ్బా మిషను తొక్కుతున్న చప్పుడు వినబడుతున్నట్టే అనిపించింది. "మేడం గారు విత్తనాల వ్యాపారంలో మీ అనుభవం గురించి అడుగుతున్నారండి" అన్నాను.

ప్రెసిడెంటు గారి ముఖం విప్పారింది. వాళ్ళ నాన్న ఎడ్లబండి మీద విత్తనాలు తెచ్చిన కాలం నుంచి అందుకున్నారు. పది నిమిషాలు. అది ఇంగ్లీషులో ఏం చెప్పాలి నేను? "హి సేస్, హి డిడ్ నాట్ నో" అన్నాను. ఆవిడ ఆశ్చర్యంగా చూసింది, పది నిమిషాల మాటకు ఇంతేనా అన్నట్టు. రెండో ప్రశ్న: రైతులు వచ్చి చెప్పాక కూడా ఎందుకమ్మారు? "ఈసారి వానలెలా పడ్డాయంటున్నారండి." ఆయన వానల గురించి చెప్పసాగారు. అదునుకు పడలేదని, రైతు బతుకు మబ్బు చేతిలో ఉందని చెబుతూ పాపం నిజంగానే బాధపడి కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు. ఆ ముఖం చూసి ఆవిడ ఆత్రంగా నా వైపు తిరిగింది. అంత దుఃఖానికి తగిన మాట ఒకటి నేను చెప్పక తప్పలేదు. నోట్లోంచి దానంతటదే వచ్చేసింది. "హి సేస్, హి ఈజ్ వెరీ సారీ."

ఆవిడ లేచి రెండు చేతులతో ఆయన చెయ్యి పట్టుకుంది. ఆయన పొంగిపోయి కొట్టు క్యాలెండరు చుట్టించి ఇచ్చారు. ఇద్దరూ ఒకరంటే ఒకరికి ఎంతో గౌరవంగా విడిపోయారు. మధ్యలో కూల్‌డ్రింకు సీసా పట్టుకుని నిలబడ్డ నాకు, ఎవరికీ గొడవ లేకుండా పని చక్కబెట్టానని, సిగ్గు లేకుండా చెబుతున్నాను, కాస్త గర్వంగా కూడా అనిపించింది.

ఆ గర్వం కారు దాకా నిలిచింది. కారులో ఆవిడ నోట్‌బుక్కు తెరిచి ఏదో రాసుకుంది. తర్వాత అంది, ఇన్ని దేశాలు తిరిగాను, ఇంతమందిని అడిగాను, తప్పు నాదే, క్షమించండి అన్న వ్యాపారిని ఇవాళే చూశాను, నా కథ ఆయనతోనే మొదలుపెడతాను అని. పత్రికలో ఆయన ఫొటో కూడా వేయిస్తానంది. నన్ను ఇంటి ముందు దించుతూ రికార్డరు సంచిలో వేసుకుని, "మా దుబాసీకి జ్వరం తగ్గింది, రేపో ఎల్లుండో కూర్చుని ఇదంతా వింటాడు" అంది. కారు వెళ్ళిపోయింది. నేను గడపలోనే కూర్చుండిపోయాను.

ఆ సాయంత్రం అన్నం సహించలేదు. మర్నాడు క్లాసులో బోర్డు మీద నో, నోస్, న్యూ అని రాసి వాటి వైపే చూస్తూ నిలబడిపోయాను. ఫోను మోగితే ఉలిక్కిపడుతున్నాను. ఆ దుబాసీ ఎవరో, ఎలా ఉంటాడో తెలియదు గానీ, దుప్పటి కప్పుకుని, వేడి గంజి తాగుతూ, నా గొంతు విని నవ్వుతున్నట్టు కళ్ళకు కట్టేది. నవ్వితే పరవాలేదు. కోపం వచ్చి ఆవిడ నేరుగా ప్రెసిడెంటు గారికి ఫోన్ చేస్తే? ఫొటోతో సహా అచ్చయి, అది ఎవరో చదివి ఆయనకు చెబితే? అనని సారీ అన్నట్టు రాశారని ఆయన కొట్టు ఖాళీ చేయిస్తే? మా అమ్మ ఎండదెబ్బ అని మజ్జిగ తాగించింది. దాదీమా దిష్టి అని తేల్చి మసీదు దగ్గర ప్రార్థన చదివించి నీళ్ళు ఊదించి తెచ్చింది. మజ్జిగా ఆ నీళ్ళూ రెండూ తాగాను. ఏదీ పనిచేయలేదు.

రెండో రోజు మధ్యాహ్నం నేను అబ్బా కొట్టులో గుండీలు కుడుతూ కూర్చున్నాను. షేర్ ఆటో దిగి గంపలగూడెం అక్క లోపలికి వచ్చింది. నన్ను వెతుక్కుంటూ వచ్చిందట. స్టూలు మీద కూర్చోమన్నా కూర్చోలేదు. "ఆయన్ని అడిగారంట కదమ్మా. మా ఊళ్ళో అందరూ కనుక్కు రమ్మన్నారు. ఏమన్నాడు?" అంది. నేను సూది వైపు చూస్తున్నాను. "కాదన్నాడా? కంపెనీ మీదికి తోశాడా? ఏదైనా పర్లేదు, ఉన్నది చెప్పు." కుట్టిన గుండీనే మళ్ళీ కుట్టాను. నేను బెదిరిపోయానని అక్కకు అర్థమైనట్టుంది, "సరేలే, చెప్పొద్దంటే చెప్పమాకు. నీకేమన్నా ఇబ్బందేమో" అని నా తల మీద చెయ్యి వేసి వెళ్ళిపోయింది. తిట్టినా బాగుండేది.

అక్క రోడ్డు దాటకముందే ఏడుపు వచ్చేసింది. అబ్బాకు అంతా చెప్పాను, వానల సంగతితో సహా. అబ్బా నవ్వలేదు. చాలాసేపు మెడలో టేపు చివర వేలికి చుట్టుకుంటూ, విప్పుకుంటూ ఉన్నాడు. అబ్బా కోప్పడితే ఎలా ఉంటుందో నాకు తెలియదు, ఇవాళ తెలుస్తుందేమో అనుకున్నాను.

"నా దగ్గర కుట్టించుకున్నాయన వచ్చి చెయ్యి పొట్టయిందంటే నేనేం చేస్తాను?" అన్నాడు చివరికి.

"విప్పి మళ్ళీ కుడతావు."

"మరింకేం."

"కొట్టు ఖాళీ చెయ్యమంటే అబ్బా?"

అబ్బా మిషను వైపు చూశాడు. "ఇది మొయ్యలేనంత బరువేం కాదులే" అన్నాడు, కానీ గొంతులో తడబాటు దాచుకోలేకపోయాడు. అప్పుడు తెలిసింది అబ్బాకూ భయమేనని. అది చూశాక నాకు ధైర్యం రాలేదు, ఇంకా భయమేసింది. కానీ అబ్బా తన సెల్‌ఫోను తీసి నా చేతిలో పెట్టేశాడు.

హోటలు గదిలో ఆ పొడుగావిడ ఫోనెత్తింది. ముందుగా కాగితం మీద రాసుకున్న నాలుగు వాక్యాలు ఆవిడ గొంతు వినగానే మాయమయ్యాయి. ఇన్నాళ్ళు పిల్లలకు చెప్పిన గ్రామరంతా ఒక్క క్షణంలో కొట్టుకుపోయింది. "మేడమ్, హి డిడ్ నాట్ సారీ. ఐ సారీ" అన్నాను. అవతల చప్పుడు లేదు. లైను తెగిందనుకున్నాను, తెగితే బాగుండునని కూడా అనుకున్నాను. ఏడుస్తూనే మొత్తం చెప్పాను. అంతా విని ఆవిడ ఒకటే అంది: "రేపు పదింటికి వస్తాను. ప్రశ్న నువ్వే అడగాలి."

మర్నాడు పదింటికి వచ్చింది. నన్ను ఒక్క మాట అనలేదు. కొట్టు దాకా నడుస్తూ తన మొదటి విదేశం సంగతి చెప్పింది. పాతికేళ్ళప్పుడు ఒక సైనికాధికారి ఎదుట కూర్చోబెడితే, తప్పిపోయిన మనుషుల గురించి అడగాల్సింది పోయి, భయంతో ఆ దేశంలో చలి ఎలా ఉంటుందని అడిగిందట. ఆయన సంతోషంగా టీ ఇచ్చి పంపాడట. "ఆ ప్రశ్న అడగడానికి నేను మళ్ళీ వెనక్కి వెళ్ళలేదు" అంది.

ప్రెసిడెంటు గారు మళ్ళీ కుర్చీలు వేయించారు. నేను కూర్చోలేదు; కూర్చుంటే లేవలేనని తెలుసు. "మొన్న నేను సరిగ్గా అడగలేదండి. మేడం గారు అడిగింది వేరే" అన్నాను. నా మోకాళ్ళు చుడీదారు లోపల వేరే ఎవరివో అయినట్టు ఊగుతున్నాయి. "ముందు వేసినవాళ్ళు మొలక రాలేదని మీకొచ్చి చెప్పారు కదండి. తెలిసి కూడా అవే ప్యాకెట్లు తర్వాత వాళ్ళకి ఎందుకమ్మారని అడుగుతున్నారు."

గుమాస్తా చేతిలో పని ఆపేశాడు. ప్రెసిడెంటు గారు ఆవిడ వైపు చూడలేదు, నా వైపే చూశారు.

"ఆవిడ అడుగుతోందా, నువ్వడుగుతున్నావా?"

"ఆవిడేనండి" అన్నాను. ఆ తర్వాత ఇంకో మాట ఎలా వచ్చిందో నాకు ఇప్పటికీ తెలియదు. "నేను కూడానండి."

ఆయన పేపరు మడత ఇంకోసారి మడిచారు. కంపెనీవాళ్ళకు ఫోన్ చేశానన్నారు. నేల తేమ చాలలేదు, విత్తనంలో లోపం లేదని వాళ్ళు చెప్పారన్నారు. "నమ్మారా అండి?" అన్నాను. ఆయన పేపరు బల్ల మీద పెట్టేశారు. "అప్పుడే అనుమానం వచ్చింది" అన్నారు చివరికి. "సరుకంతా కొట్లో ఉంది. అమ్మాను." నేను ఇంగ్లీషులో చెప్పాను: ఆయనకు అప్పుడే అనుమానం వచ్చింది, అమ్మారు. ఒక్క మాట పెంచలేదు, తగ్గించలేదు. "ఇది రాస్తుందా?" అన్నారు. "రాస్తారండి." ఆయన పేపరు మళ్ళీ చేతిలోకి తీసుకుని, "రాసుకోనీ" అన్నారు. మేం మెట్లు దిగుతుంటే వెనక నుంచి, "సాయంత్రం మీ నాన్నని ఒకసారి రమ్మను" అన్నారు.

అప్పటి నుంచి సాయంత్రం దాకా ఉన్న ఆ కాసిని గంటలు నా జీవితంలో ఎంత పొడుగైనవో చెప్పలేను. అబ్బా ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళి పావుగంటలో తిరిగొచ్చాడు. నెలాఖరుకు ఖాళీ చెయ్యమన్నారట. ఇంకేమీ అనలేదట. దాదీమా నన్ను ఏమీ అనకుండా తస్బీ పూసలు తిప్పుకుంటూ కూర్చుంది, అది తిట్టుకంటే గట్టిగా వినబడింది. మిషనూ బల్లా బస్టాండు వెనక సందులోకి మార్చాం. వర్షం వస్తే గుడ్డలు ఎత్తి పట్టుకోవాల్సిన గది అది. ఆ రెండు మూడు నెలలు అబ్బా ముఖం చూడాలంటే నాకు భయంగానే ఉండేది. అబ్బా మాత్రం ఆ ఊసే ఎత్తలేదు.

ఖాళీ చేసిన మర్నాడే నేను షేర్ ఆటోలో గంపలగూడెం వెళ్ళి ఆయన అన్నది అన్నట్టే అక్కకు చెప్పాను. అక్క "అట్టా అన్నాడా" అని ఊరుకుంది, తర్వాత చేతికి అందినన్ని జామకాయలు కోసి ఇచ్చింది. పొడుగావిడ రాసింది అచ్చయింది. దాన్ని చూసి మన పత్రికలవాళ్ళూ వచ్చారు. అప్పటిదాకా ఆఫీసులో కదలని రైతుల ఫిర్యాదు కదిలింది. విచారణకు వచ్చిన అధికారుల ముందు ప్రెసిడెంటు గారు అదే మాట సంతకం పెట్టి చెప్పారట, అందుకే కంపెనీ తప్పించుకోలేకపోయిందని అక్క చెప్పింది. మేం మారిన నాలుగో నెలలో ఒక రోజు ఆయన చంకలో చొక్కా గుడ్డతో ఆ సందులోకి వంగి వచ్చారు. నా వైపు చూడకుండా, "కొలతలు పాతవే ఉన్నాయా, మళ్ళీ తీస్తావా?" అని అబ్బాను అడిగారు. అబ్బా లేచి టేపు తీశాడు. కొలుస్తున్నంతసేపూ ఇద్దరూ కరెంటు కోతల గురించి మాట్లాడుకున్నారు. నేను మిషను వెనక గుండీల డబ్బా సర్దుతూ తల ఎత్తలేదు.

ఆ పొడుగావిడ తర్వాత రెండేళ్ళు ఎక్కడికి వెళ్ళినా నన్నే దుబాసీగా పిలిచేది. ఆవిడ వెనక నడిచే ఈ పని నేర్చుకున్నాను. సూట్‌కేసు ఎలా సర్దుకోవాలో, పరాయి ఊళ్ళో ముందు ఎవరిని పలకరించాలో, రాసింది తప్పైతే ఎలా ఒప్పుకోవాలో. ఇప్పుడు మంత్రులను, సైనికాధికారులను అంతకంటే మొరటు ప్రశ్నలు అడుగుతాను. మోకాళ్ళు వణకవు. ధైర్యం వచ్చిందని జనం అనుకుంటారు. నిజం చెప్పాలంటే, అడిగిన మర్నాడు నేను విమానం ఎక్కేస్తాను. వాళ్ళు నన్ను మళ్ళీ చూడరు, వాళ్ళ కొట్లో మా అబ్బా మిషను ఉండదు. చుడీదారులో వణుకుతూ నిలబడ్డ ఆ అమ్మాయి మాత్రం మర్నాడు కూడా అదే రోడ్డు మీద నడవాలి. ఆ పిల్ల ఇంగ్లీషు మీద నాకు ఏ భ్రమలూ లేవు గానీ, ఆమెకున్నది ఇప్పుడు నా దగ్గర ఉందా అంటే చెప్పలేను.

ప్రెసిడెంటు గారు పోయి చాలా కాలమైంది. ఆ కొట్టులో ఇప్పుడు సెల్‌ఫోన్లు అమ్ముతున్నారు, నన్ను గుర్తుపట్టేవాళ్ళు కూడా అక్కడ ఎవరూ లేరు. అయినా మొన్న సెలవులకు వెళ్ళినప్పుడు మెయిన్ రోడ్డు మీద ఆ వరస దగ్గరికి రాగానే, ఎందుకో నాకే తెలియకుండా, చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని రోడ్డు దాటి అవతలి పక్క నుంచి నడిచాను.